సముయెల్ జ్బొరోవ్‌స్కీ కథను ఎక్కడ మొదలుపెట్టాలి, ఎలా చదవాలి

కొసాక్కుల (ఇప్పటి ఉక్రెయిన్ మైదానాల్లో గుంపులుగా బతికిన సాయుధుల) చరిత్ర చదవడం మొదలుపెట్టినవాళ్లకి ఏదో ఒక పేజీలో సముయెల్ జ్బొరోవ్‌స్కీ పేరు తగులుతుంది. పోలండ్‌లో పేరున్న కులీన వంశంలో పుట్టి, రాజుగారి కోట ముందే గొడవపడి ఒక పెద్దమనిషి చావుకి కారణమై, దేశబహిష్కార శిక్ష పడి, మళ్లీ తిరిగొచ్చి, ద్నీపర్ నది దిగువన కొసాక్కులకి నాయకుడై, చివరికి 1584 మే 26న క్రాకోవ్‌లో శిరచ్ఛేదానికి గురైన మనిషి. ఈ ఒక్క వాక్యంలోనే ఇంత కథ ఉంది కాబట్టి చదివేవాళ్లు సాధారణంగా చివరి ఘట్టం దగ్గరికే పరుగెత్తుతారు, అక్కడ నిలబడి ఇతను స్వేచ్ఛ కోసం చచ్చిపోయిన వీరుడా, రాజ్యానికి ముప్పు తెచ్చిన తిరుగుబాటుదారుడా అని తేల్చేయాలని చూస్తారు. ఆ తొందర వద్దు. ఈ జీవితాన్ని అర్థం చేసుకోవాలంటే 1574లో పడ్డ తీర్పు దగ్గర మొదలుపెట్టండి, ఆ తర్వాత జరిగిన ప్రతి సంఘటననీ ఆ తీర్పు పక్కన పెట్టి చూడండి, అసలు ముడి ఎక్కడుందో దానంతట అదే కనిపిస్తుంది.

మీరు వ్యాసం రాయడానికి చదువుతున్నా, ఎవరికైనా చెప్పడానికి చదువుతున్నా, ఊరికే ఆసక్తితో చదువుతున్నా పద్ధతి ఒకటే. ఒక కాగితం తీసుకుని మధ్యలో గీత గీయండి. ఎడమవైపు సంవత్సరం, సముయెల్ ఏం చేశాడు అన్నది. కుడివైపు ఆ రోజుకి చట్టం దృష్టిలో అతని పరిస్థితి ఏమిటి, సింహాసనం మీద ఎవరున్నారు, క్రాకోవ్‌లో అధికారం ఎవరి చేతిలో ఉంది అన్నది. చదువుతున్నంతసేపూ ఈ రెండు వరుసలూ నింపుతూ పోవాలి. ఎడమ వరుస మాత్రమే చూస్తే సాహస కథలా ఉంటుంది, కుడి వరుస మాత్రమే చూస్తే కోర్టు కాగితంలా ఉంటుంది, రెండూ కలిపితేనే మనిషి కనిపిస్తాడు.

ముందుగా తెలిసి ఉండాల్సినవి

పోలండ్ చరిత్ర మొత్తం చదవక్కర్లేదు. కొన్ని విషయాలు చాలు, కానీ అవి గట్టిగా తెలిసి ఉండాలి.

1569లో లుబ్లిన్ ఒప్పందంతో పోలండ్, లిథువేనియా కలిసి ఒకే రాజ్యం అయ్యాయి. అప్పుడే కీవ్, వొలీనియా, బ్రాత్స్లావ్ ప్రాంతాలు లిథువేనియా కింద నుంచి పోలండ్ కిందికి మారాయి, అంటే కొసాక్కులు తిరిగే నేలకి పోలండ్ ప్రభువులు నేరుగా యజమానులయ్యారు. మూడేళ్లకి, 1572 జూలైలో, రాజు సిగిస్మండ్ ఆగస్టస్ వారసుడు లేకుండా పోయాడు. యాగెలోన్ వంశం అక్కడితో ఆగింది. ఇక నుంచి రాజుని కులీనులందరూ కలిసి ఎన్నుకోవాలి. మొదట ఎన్నికైనవాడు ఫ్రాన్స్ రాకుమారుడు హెన్రీ. ఎన్నిక అంటే పోటీ, పోటీ అంటే వర్గాలు, ఆ వర్గాల్లో అన్నిటికన్నా చురుకైన వాటిలో ఒకటి జ్బొరోవ్‌స్కీ అన్నదమ్ములది. హెన్రీకి వీళ్లు బలమైన మద్దతుదారులు. ఈ సంగతి కుడి వరుసలో మొదటి గీతగా రాసుకోండి, తీర్పు దగ్గర పనికొస్తుంది.

కుటుంబం గురించి కూడా ఒక మాట. తండ్రి మార్చిన్ క్రాకోవ్ కాస్తెలాన్, అంటే సెనేట్‌లో మతాధికారులు కానివాళ్లలో అందరికన్నా ముందు కూర్చునే స్థానం. అన్నదమ్ముల్లో పియోతర్ తర్వాత క్రాకోవ్ వోయివోడ్ (ఆ ప్రాంతపు పాలకుడు) అయ్యాడు, యాన్ గ్నియెజ్నో కాస్తెలాన్, ఆంద్రెయ్ రాజసభ మార్షల్. క్రిష్టోఫ్ అనే ఇంకో సోదరుడి పేరు కూడా గుర్తుంచుకోండి, కథ రెండో సగంలో అతనే కీలకం. అన్నదమ్ములు సెనేట్‌లో కూర్చుంటుంటే సముయెల్ గుర్రం మీద, ఆయుధాలతో తిరిగే మనిషి.

మూడో విషయం కులీనుల హక్కు. 1430లలోనే పోలండ్ రాజు ఒక మాట ఇచ్చాడు: సొంత భూమి ఉన్న కులీనుడిని చట్టప్రకారం విచారించి తీర్పు ఇవ్వకుండా నిర్బంధించకూడదు. కులీనులు ఈ హక్కుని ప్రాణంలా చూసుకునేవాళ్లు. సముయెల్ చావు మీద దేశం రెండుగా చీలిందంటే ఈ హక్కే కారణం. దీన్ని తెలుసుకోకుండా 1584లో కులీనులు ఎందుకంత గగ్గోలు పెట్టారో అర్థం కాదు.

1574 ఘట్టాన్ని నెమ్మదిగా చదవండి

ఇక్కడ ఎంత సమయం పెడితే అంత లాభం. హెన్రీ పట్టాభిషేకం 1574 ఫిబ్రవరి 21న క్రాకోవ్‌లోని వావెల్ కోటలో జరిగింది. ఆ తర్వాతి రోజుల్లో ఉత్సవాలు, కవచాలు తొడుక్కుని ఈటెలతో తలపడే పోటీలు. సముయెల్ తన ఈటెని నేలలో పాతి, దమ్మున్నవాళ్లు వచ్చి నాతో తలపడండని సవాలు విసిరాడు. సమాన హోదా ఉన్నవాడు ఎవరైనా వస్తాడని అనుకున్నాడు. కానీ ఆ ఈటెని అందుకున్నది వొయినిచ్ కాస్తెలాన్ యాన్ తెంచిన్‌స్కీ దగ్గర పనిచేసే యానుష్ అనే క్రొయేషియా మనిషి. తన సవాలుకి ఒక సేవకుడు జవాబివ్వడం సముయెల్‌కి అవమానంగా తోచింది, కోపం సేవకుడి మీద నుంచి యజమాని మీదికి మళ్లింది. కోట దగ్గరే రెండు వర్గాలు ఎదురుపడ్డాయి, ఆయుధాలు బయటికొచ్చాయి. మధ్యలో విడదీయడానికి వచ్చిన ప్షెమిష్ల్ కాస్తెలాన్ ఆంద్రెయ్ వపోవ్‌స్కీ తలకి సముయెల్ చేతిలోని గండ్రగొడ్డలి దెబ్బ తగిలింది. కొన్నాళ్లకి ఆయన చనిపోయాడు.

ఈ ఘట్టం చదివేటప్పుడు మూడు ప్రశ్నలు వేసుకోండి. చనిపోయింది ఎవరు? గొడవలో ఉన్న ప్రత్యర్థి కాదు, ఆపడానికి వచ్చిన మనిషి, పైగా సెనేటర్. ఎక్కడ? రాజు ఉన్న చోట, అంటే రాజు సమక్షంలో ఆయుధం ఎత్తిన నేరం కూడా కలుస్తుంది. ఎప్పుడు? కొత్త రాజు కిరీటం పెట్టుకున్న వారంలోనే, దేశమంతా ఇతను ఎలాంటి రాజో అని చూస్తున్న సమయంలో. ఒక్కొక్కటీ విడిగా చూస్తే మామూలు గొడవలా కనిపించేది, మూడూ కలిస్తే మరణశిక్షకి ఏమాత్రం తక్కువ కాని కేసు.

కానీ హెన్రీ మరణశిక్ష వేయలేదు. తనని గెలిపించిన వర్గాన్ని దూరం చేసుకోలేడు, వపోవ్‌స్కీ భార్య కతాజినా న్యాయం కోసం పట్టుపట్టింది కాబట్టి వదిలేయనూ లేడు. అందుకని మధ్యేమార్గంగా దేశబహిష్కారం విధించాడు, కానీ కులీనుడిగా ఉన్న పరువు, హోదా పోకుండా. సముయెల్ పోలండ్ రాజ్యంలో ఉండకూడదు, అయినా అతను పరువు పోయినవాడు కాదు. అటు శత్రువులకి ఇది చాలలేదు, ఇటు జ్బొరోవ్‌స్కీలకి ఇది ఎక్కువైంది.

నేను ఈ తీర్పు దగ్గరే మొదలుపెట్టమనడానికి కారణం ఇదే. బహిష్కృతుడు తిరిగొస్తే అతన్ని పట్టుకుని ప్రాణం తీసే అధికారం ఆ ప్రాంతపు స్తరోస్తాకి, అంటే రాజు తరఫున కోటనీ న్యాయాన్నీ చూసే అధికారికి, ఉంటుంది. పరువు తీయలేదు కాబట్టి అతనితో కలిసి తిరగడానికి, అతన్ని ఇంట్లో పెట్టుకోవడానికి, అతని కింద సైనికులుగా పనిచేయడానికి తోటి కులీనులకి ఇబ్బంది లేదు. చచ్చినట్టూ కాదు, బతికినట్టూ కాదు. తర్వాతి పదేళ్లూ అతను ఈ సందులోనే బతికాడు. మీ కాగితంలో కుడి వరుసలో దీన్ని ఎర్ర సిరాతో రాసుకోండి, 1584 వరకు ఆ గీత అలాగే కిందికి సాగుతుంది, ఎవరూ దాన్ని చెరపలేదు.

బాతోరి వచ్చాక

హెన్రీ ఎక్కువ రోజులు లేడు. ఫ్రాన్స్‌లో అన్న చనిపోయిన కబురు అందగానే అదే ఏడాది జూన్‌లో రాత్రికి రాత్రి క్రాకోవ్ నుంచి వెళ్లిపోయాడు. సముయెల్ అప్పటికే ట్రాన్సిల్వేనియా చేరాడు, అక్కడి పాలకుడు స్తెఫాన్ బాతోరి. 1575 డిసెంబరులో కులీనులు ఆ బాతోరినే పోలండ్ రాజుగా ఎన్నుకున్నారు, 1576 మే 1న పట్టాభిషేకం. సముయెల్ అతని వెంటే పోలండ్ వచ్చేశాడు.

ఇక్కడ చాలామంది చదువరులు ఒక విషయం గమనించకుండా వెళ్లిపోతారు. ఒకప్పుడు ఆశ్రయం ఇచ్చిన రాజుతో పరిచయం ఉంది, కుటుంబానికి బలం ఉంది, కాబట్టి శిక్ష రద్దయి ఉంటుందని అనుకుంటారు. రద్దు కాలేదు. బాతోరి చూసీచూడనట్టు ఊరుకున్నాడు, అంతే. ఊరుకోవడం వేరు, క్షమించడం వేరు. కుడి వరుస చూసుకోండి, ఎర్ర గీత ఇంకా ఉంది.

ఈలోగా రాజు పక్కన ఇంకొకరు ఎదుగుతున్నారు. యాన్ జామోయ్‌స్కీ 1578లో చాన్సలర్ అయ్యాడు, 1581లో గ్రాండ్ హెత్మాన్, అంటే సైన్యం మొత్తానికి సేనాధిపతి, అయ్యాడు, 1583లో రాజు అన్న కూతురు గ్రిజెల్దాని పెళ్లి చేసుకున్నాడు. అతనే క్రాకోవ్ స్తరోస్తా కూడా. జ్బొరోవ్‌స్కీలు మాత్రం తాము ఆశించిన పదవులు ఒక్కొక్కటీ చేజారిపోతుంటే చూస్తూ ఉన్నారు. ఈ పదవుల తేదీలు వరుసగా రాసుకోండి, పగ ఎలా పెరిగిందో ఎవరూ చెప్పక్కర్లేకుండా ఆ తేదీలే చెప్తాయి.

కొసాక్కుల దగ్గరికి: మ్యాప్ లేకుండా ఈ భాగం చదవొద్దు

నాకు అన్నిటికన్నా ఇష్టమైన భాగం ఇది, తప్పుగా అర్థమయ్యే అవకాశం ఎక్కువున్నదీ ఇదే.

ముందు మ్యాప్ తెరవండి. కానీ ఈనాటి మ్యాప్ ఒక్కటే చాలదు. ఇప్పటి ద్నీప్రో నగరానికి దిగువన, జపొరీజియా వరకు, నది మధ్యలో అడ్డంగా రాతి గట్టులు ఉండేవి, నీళ్లు వాటి మీద నుంచి ఉరుకుతూ పోయేవి. పడవల్లో దాటడం తెలిసినవాళ్లకే సాధ్యం. ఆ రాళ్లకి అవతల ఉన్నవాళ్లని పైనుంచి ఏ సైన్యమూ తేలిగ్గా చేరలేదు, అందుకే కొసాక్కులు అక్కడ స్థావరాలు పెట్టుకున్నారు. 1932లో జలవిద్యుత్ ఆనకట్ట పూర్తవడంతో ఆ రాళ్లన్నీ నీట మునిగాయి. ఇంకా దిగువనున్న తొమాకివ్కా దీవి, సముయెల్ కాలంలో కొసాక్కుల ముఖ్య స్థావరం, 1950లలో కఖోవ్కా జలాశయం కిందికి వెళ్లింది. ఖోర్తిత్సియా దీవి మాత్రం జపొరీజియా నగరం పక్కనే ఇప్పటికీ ఉంది. అందుకని ఆనకట్టలకి ముందు గీసిన పాత మ్యాప్ ఒకటి వెతికి పక్కన పెట్టుకోండి, లేకపోతే ప్రయాణం ఎందుకంత కష్టమైందో, కొసాక్కులు ఎందుకంత ధైర్యంగా ఉండేవాళ్లో అర్థం కాదు.

రెండో పని, కొసాక్కులంటే ఒకే రకం మనుషులు అనుకోవడం మానేయండి. 1572లో రాజ్యం కొసాక్కుల్లో 300 మందిని జీతానికి పెట్టుకుని పట్టీలో చేర్చింది, వాళ్ల మీద యాన్ బదోవ్‌స్కీ అనే పోలండ్ కులీనుణ్ణి అధికారిగా నియమించింది. 1578లో బాతోరి ఆ పట్టీని సుమారు 500కి పెంచాడు. వీళ్లు రాజు మనుషులు. పట్టీలో లేనివాళ్లు అంతకన్నా చాలా ఎక్కువమంది, నది దిగువన తమ నాయకుణ్ణి తామే ఎన్నుకుని, ఆ నాయకుడు నచ్చకపోతే తామే దించేసేవాళ్లు. సముయెల్ వెళ్లింది ఈ రెండో రకం దగ్గరికి. అక్కడ అతన్ని హెత్మాన్‌గా ఎన్నుకుని నాయకత్వ చిహ్నమైన గదని చేతిలో పెట్టారు. జామోయ్‌స్కీ కూడా హెత్మానే, కానీ ఆ పదవి రాజు ఇచ్చింది, సముయెల్‌ది నది ఒడ్డున గుంపు ఇచ్చింది. బహిష్కృతుడికి తన దేశంలో దొరకని గౌరవం అక్కడ దొరికింది.

ఎందుకు వెళ్లాడు అన్న ప్రశ్నకి జవాబు కావాలంటే అతనికి ముందు వెళ్లినవాళ్లని చూడండి. ద్మిత్రో విష్నెవెత్స్కీ అనే రాకుమారుడు 1550లలో ఖోర్తిత్సియా దగ్గర కోట కట్టాడు, తర్వాత మోల్దావియా సింహాసనం కోసం వెళ్లి పట్టుబడి 1563లో ఇస్తాంబుల్‌లో ప్రాణాలు కోల్పోయాడు. ఇవాన్ పిద్కోవా అనే కొసాక్కు 1577లో నిజంగానే మోల్దావియా సింహాసనం ఎక్కాడు, కానీ బాతోరి అతన్ని పట్టుకుని 1578లో ల్వివ్‌లో తల తీయించాడు. కారణం సూటిగా ఉంటుంది: మోల్దావియా అప్పట్లో టర్కీ సుల్తాన్ ఆధీనంలోని దేశం, బాతోరికి ఒకవైపు మాస్కోతో యుద్ధం నడుస్తోంది, ఇంకోవైపు సుల్తాన్‌తో గొడవ తెచ్చుకునే స్థితి లేదు. సముయెల్ చూపు కూడా మోల్దావియా మీదే. అంటే పిద్కోవాకి ఏం జరిగిందో తెలిసి, అదే రాజు పాలిస్తుండగా, అదే దారిలో నడిచాడు. ఇది కుడి వరుసలో రాయాలి, ఎందుకంటే రాజు కళ్లకి అతను ఇక ఒక పాత హత్యకేసులో ముద్దాయి మాత్రమే కాదు, సుల్తాన్‌తో శాంతిని చెడగొట్టగల మనిషి.

ఇక ఆ యాత్ర గురించి మనకి తెలిసినదంతా దాదాపుగా ఒకే కలం నుంచి వచ్చింది. బార్తొష్ పాప్రోట్స్కీ 1584లో అచ్చువేసిన కులీన వంశాల పుస్తకంలో ఈ కథ వివరంగా రాశాడు. దీవుల పేర్లు, నదిలో ప్రయాణం, తార్తార్లతో ఎదురుపడటం, క్రిమియా ఖాన్‌తో సంప్రదింపులు, కొసాక్కులతో మాటామాటా పెరగడం, అన్నీ ఉంటాయి. జపొరీజియా కొసాక్కుల గురించి అంత పాత వర్ణనలు తక్కువ, అందుకే ఇది విలువైనది. కానీ చదివేటప్పుడు రెండు విషయాలు గుర్తుండాలి. ఒకటి, పాప్రోట్స్కీ జ్బొరోవ్‌స్కీల పక్షం మనిషి, జామోయ్‌స్కీకి వ్యతిరేకి, ఆ తర్వాత కొన్నేళ్లకి దేశం విడిచి మొరావియా వెళ్లిపోయాడు. రెండు, పుస్తకం అచ్చయిన ఏడాదే సముయెల్ చనిపోయాడు. కాబట్టి అందులో సముయెల్ ఎంత ధీరుడో చెప్పే వాక్యాలని పక్కన పెట్టి, రచయితకి ఏ లాభమూ లేని వివరాలని ముందు తీసుకోండి. దీవి ఎక్కడుంది, పడవలు ఎలా నడిపారు, నాయకుడి మాటని గుంపు ఎలా కాదంది లాంటివి. పొగడ్త కోసం రాస్తున్నవాడు కూడా తన నాయకుడి మాట చెల్లలేదని ఒప్పుకున్నాడంటే అది నమ్మదగ్గ సంగతే.

నిజానికి యాత్ర ఫలించలేదు. మోల్దావియా దక్కలేదు, కొసాక్కులకి ఆశించిన కొల్లగొట్టే అవకాశం దక్కలేదు, సముయెల్ వెనక్కి తిరిగాడు. కొసాక్కు వీరుడిగా అతన్ని పెద్దగా చూపించే కథనాలు ఇక్కడ ఒకటి రెండు వాక్యాలతో దాటేస్తాయి. మీరు దాటేయకండి. ఓడిపోయి తిరిగొచ్చిన నాయకుడు, శిక్ష నెత్తిమీదున్న మనిషి, పైగా సాయుధుల్ని వెంటేసుకుని సొంత దేశంలో తిరుగుతున్నాడు. టెన్షన్ అంతా ఇక్కడే మొదలవుతుంది.

ఉత్తరాలు, వీణ వాయించే మనిషి

వొయిచెఖ్ ద్వుగోరాయ్ అనే పేరు ఎక్కడ కనిపించినా ఆగండి. వీణని పోలిన ల్యూట్ అనే వాద్యం వాయించడంలో ఆ కాలపు గొప్పవాళ్లలో ఒకడు, సముయెల్ కొలువులో ఉండేవాడు. సోదరుడు క్రిష్టోఫ్ సముయెల్‌కి రాసిన ఉత్తరాలు ఇతని చేతికి చిక్కాయి, వాటిని తీసుకెళ్లి రాజు పక్షానికి ఇచ్చేశాడు. రాజుకి వ్యతిరేకంగా కుట్ర జరుగుతోందనడానికి వాటినే సాక్ష్యంగా చూపించారు. ద్వుగోరాయ్ ఆ తర్వాత బాతోరి ఆస్థాన వాద్యకారుడయ్యాడు, కానీ జ్బొరోవ్‌స్కీల పగకి భయపడి జర్మనీ వైపు వెళ్లిపోయాడు. అతని రచనలు కొన్ని 1603లో అచ్చయిన ల్యూట్ సంకలనంలో ఉన్నాయి, ఇప్పటికీ వాయిస్తున్నారు. చదివే విరామంలో ఒకసారి వినండి, ఈ కథలో ప్రాణం మీదికి తెచ్చిన చేతులు ఎంత మెత్తగా వాయించేవో తెలుస్తుంది.

చదువరిగా మీ పని ఏమిటంటే, ఉత్తరాలు రాసిందెవరు, అందుకున్నదెవరు అన్న తేడా మరిచిపోకూడదు. రాసింది క్రిష్టోఫ్. ఆ కుట్ర మీద బహిరంగ విచారణ జరిగింది కూడా క్రిష్టోఫ్ మీదే, అది 1585 పార్లమెంటులో, అంటే సముయెల్ చనిపోయాక.

1584 మే

ఇప్పుడు మాత్రమే చివరి ఘట్టానికి రండి. ఇంతవరకూ రెండు వరుసలు నింపి ఉంటే ఇది వేరేలా కనిపిస్తుంది.

సముయెల్ క్రాకోవ్ ప్రాంతంలోని పియెకారిలో బంధువుల ఇంట్లో ఉన్నాడు. రాత్రివేళ జామోయ్‌స్కీ మనుషులు చుట్టుముట్టి పట్టుకున్నారు. ఆ బృందంలో అప్పటికి ఇంకా పెద్దగా పేరు రాని స్తనిస్వావ్ జుల్కియెవ్‌స్కీ ఉన్నాడు. సముయెల్‌ని వావెల్‌కి తెచ్చారు. కొత్తగా విచారణ పెట్టలేదు. రాజు సమ్మతితో, పదేళ్ల నాటి తీర్పు ఆధారంగా, మే 26న కోట దగ్గర తల తీశారు.

ఇదీ ముడి. అతన్ని చంపడానికి అసలు కారణాలు 1580లవి: కొసాక్కులు, మోల్దావియా, ఉత్తరాలు, జామోయ్‌స్కీతో పగ. చంపడానికి వాడిన కాగితం మాత్రం 1574ది. ఈ రెండింటినీ కలిపేసి చెప్పేవాళ్లు ఎటో ఒకవైపు మొగ్గుతారు. మీరు రెండు వాదనలనీ విడివిడిగా, పూర్తి బలంతో రాసుకోండి.

జామోయ్‌స్కీ పక్షం ఇది: బహిష్కృతుడు తన పరిధిలోకి వచ్చాడు, స్తరోస్తాగా తీర్పు అమలుచేయడం బాధ్యత, తీర్పు ఇచ్చింది తను కాదు, సాక్షాత్తూ రాజు, అది ఎన్నడూ రద్దు కాలేదు. ఇక 1430ల హక్కు సంగతంటారా, విచారణ జరిగి తీర్పు పడ్డవాడికి అది వర్తించదు. చట్టం అక్షరాల్లో ఈ వాదనలో పెద్దగా లోపం కనపడదు.

అవతలి పక్షం: ఎనిమిదేళ్లు అందరి కళ్లముందే తిరిగాడు, రాజుకి తెలుసు, చాన్సలర్‌కి తెలుసు, ఎవరూ పట్టుకోలేదు. అవసరం వచ్చినప్పుడు మాత్రమే బయటికి తీసే తీర్పు న్యాయం ఎలా అవుతుంది? కుట్ర చేశాడని అనుమానం ఉంటే కుట్ర మీద విచారించాలి, తోటి కులీనుల ముందు జవాబు చెప్పుకునే అవకాశం ఇవ్వాలి. పాత కాగితం చాటున కొత్త పగ తీర్చుకున్నారు. అప్పటి కులీనుల్లో చాలామందికి నొప్పి తగిలింది ఇక్కడే, ఇవాళ సముయెల్‌కి జరిగింది రేపు మనకి జరగదని ఏమిటి అని.

నా అభిప్రాయం అడిగితే, వపోవ్‌స్కీ చావుకి సముయెల్ బాధ్యుడే, ఆ శిక్ష తక్కువే పడింది. కానీ 1584లో జరిగింది వపోవ్‌స్కీ కోసం కాదు. విచారణ పెడితే జామోయ్‌స్కీ గెలిచేవాడేమో కూడా, అయినా పెట్టలేదు, అది అతని మీద మిగిలిపోయిన మచ్చ. మీరు వేరే నిర్ణయానికి రావచ్చు, వరుసలు నిజాయితీగా నింపాక వస్తే చాలు.

ఇంకో జాగ్రత్త. ఈ ఘట్టం చుట్టూ పుట్టిన డైలాగులు చాలా ఉన్నాయి. చచ్చిన కుక్క కరవదు అని బాతోరి లాటిన్‌లో అన్నాడని ప్రతిచోటా చెప్పుకుంటారు. వినడానికి బాగుంటుంది, అందుకే అన్ని చోట్లా కనిపిస్తుంది. రాసేటప్పుడు అలా చెప్పుకుంటారు అన్న మాట తప్పకుండా చేర్చండి.

తర్వాత జరిగినవి

చావుతో ఆపేస్తే సగం కథే చదివినట్టు. 1585 పార్లమెంటులో క్రిష్టోఫ్‌కి బహిష్కారంతో పాటు ఈసారి పరువు కూడా తీసేశారు. పదకొండేళ్ల కింద సముయెల్‌కి మిగిల్చినదాన్ని ఇతనికి మిగల్చలేదు, రెండు తీర్పుల్నీ పక్కపక్కన పెట్టి చూడండి. 1586 డిసెంబరులో బాతోరి పోయాడు. తర్వాతి ఎన్నికలో జామోయ్‌స్కీ స్వీడన్ రాకుమారుడు సిగిస్మండ్ వైపు, జ్బొరోవ్‌స్కీలు ఆస్ట్రియాని ఏలే హాబ్స్‌బర్గ్ వంశపు ఆర్చ్‌డ్యూక్ మాక్సిమిలియన్ వైపు నిలబడ్డారు, అంటే ఒక కుటుంబ పగ దేశానికి ఎవరు రాజు అన్న ప్రశ్నలో కలిసిపోయింది. 1588 జనవరిలో బిచినా దగ్గర జామోయ్‌స్కీ మాక్సిమిలియన్‌ని ఓడించి బందీగా పట్టుకున్నాడు.

సముయెల్ కొడుకు అలెక్సాందర్ మాస్కో యుద్ధాల్లో రెండో దొంగ ద్మిత్రి (చనిపోయిన రాకుమారుణ్ణి నేనేనంటూ మాస్కో సింహాసనం కోరినవాడు) వైపు పనిచేసి, తర్వాత రాజు పక్షానికి వచ్చాడు. 1610 జూలై 4న క్లూషినో యుద్ధంలో తన దళంతో పోరాడాడు. ఆ రోజు సేనాధిపతి జుల్కియెవ్‌స్కీ, ఆ రాత్రి పియెకారిలో తండ్రిని పట్టుకున్నవాళ్లలో ఉన్న మనిషి.

నాటకాలు, బొమ్మలు కూడా ఉన్నాయి. మతేయ్‌కో 1861లో వపోవ్‌స్కీ హత్యని చిత్రించాడు, కవి స్వొవాత్స్కీ 1840లలో సముయెల్ పేరు మీద నాటకం రాశాడు. అప్పటికి పోలండ్ అనే దేశం మ్యాప్ మీద లేదు, స్వేచ్ఛ, చట్టం అనే మాటలకి ఆ తరానికి వేరే మంట ఉంది. వీటిని 19వ శతాబ్దం గురించి తెలుసుకోవడానికి చూడండి, 16వ శతాబ్దపు సాక్ష్యంగా వాడొద్దు.

వెతకడంలో కొన్ని కిటుకులు

పేర్లు పోలిష్‌లో ఒకలా, ఉక్రెయిన్ భాషలో ఇంకోలా ఉంటాయి. ఉక్రెయిన్‌వాళ్లు సమీయ్లో జ్బొరోవ్‌స్కీ అంటారు, ఆ లిపిలో వెతికితే కొసాక్కుల వైపు నుంచి రాసిన కథనాలు దొరుకుతాయి, పోలిష్‌లో వెతికితే కోర్టు, పార్లమెంటు వైపు ఎక్కువ దొరుకుతాయి. రెండూ అనువాద పరికరంతో చదువుకోవచ్చు, పేర్లని మాత్రం అది పాడుచేస్తుంది కాబట్టి మూలంతో సరిచూసుకోండి.

తేదీల దగ్గర జాగ్రత్త. పోలండ్ 1582 అక్టోబరులో కొత్త క్యాలెండర్‌కి మారింది, ఆర్థొడాక్స్ జనం పాతదే వాడారు, తేడా పది రోజులు. సముయెల్ విషయంలో ఇది పెద్దగా ఇబ్బంది పెట్టదు గానీ, ఇదే పద్ధతితో తర్వాతివాళ్లని చదవాలనుకుంటే పెడుతుంది. ఉదాహరణకి పొద్లాషియె ప్రాంతపు చిన్న కులీనుడు క్రిష్టోఫ్ కొసిన్‌స్కీ, 1591లో కొసాక్కుల మొదటి పెద్ద తిరుగుబాటుకి నాయకుడు. పియాత్కా దగ్గర అతను ఓడిపోయిన యుద్ధం ఒకచోట 1593 జనవరి 23 అని, ఇంకోచోట ఫిబ్రవరి 2 అని కనిపిస్తుంది, రెండూ ఒకే రోజు. అతని కాగితంలో కుడి వరుసలో తీర్పు బదులు భూమి దస్తావేజులు రాయాలి, ఒస్త్రోగ్‌స్కీ ప్రభువులతో రొకిత్నె భూమి తగాదా దగ్గర మొదలుపెట్టండి. స్తనిస్వావ్ క్షిచెవ్‌స్కీ అయితే ఇంకా వేరు, 1648 కొసాక్కుల మహా తిరుగుబాటు నాయకుడు ఖ్మెల్నిత్స్కీతో బంధుత్వం కట్టుకుని, మతం మార్చుకుని, కొసాక్కు కర్నల్‌గా 1649లో లోయెవ్ యుద్ధంలో గాయపడి చనిపోయాడు. అతనికి కుడి వరుసలో రాయాల్సింది ఏ ఏడాది ఎవరికి విధేయుడిగా ప్రమాణం చేశాడన్నది.